గౌరవం ఇచ్చి వేతనం ఎగవేసే విద్య

తెలుగు సాహిత్యాభిమానుల పుస్తకాల అరలలో కావ్యాలకు, నవలలకు, ఆత్మకథలకు ఉన్న చోటు న్యాయస్థానాల తీర్పులకు లేదు. వాటిని వకీళ్ళు చదువుతారు, గెలిచినవారు ఫోటో కట్టించుకుంటారు, ఓడినవారు మరచిపోవడానికి ప్రయత్నిస్తారు. కానీ ఒక సమాజం తన మనుషుల శ్రమకు ఎంత విలువ కట్టిందో, ఆ లెక్కను ఎలా సమర్థించుకున్నదో తీర్పు చెప్పినంత స్పష్టంగా ఏ నవలా చెప్పదు. ఈ సంగతి తెలిసిన తెలుగువాడు ఓ. చిన్నప్పరెడ్డి. అనంతపురం జిల్లా నుంచి సుప్రీంకోర్టు దాకా వెళ్ళిన ఆ న్యాయమూర్తి 2008లో ఆక్స్‌ఫర్డ్ సంస్థ ద్వారా రాజ్యాంగం మీద వెలువరించిన ఆంగ్ల గ్రంథానికి ‘సమ్మిట్స్ అండ్ షాలోస్’ అన్న ఉపశీర్షిక పెట్టారు. న్యాయస్థానం ఎక్కిన శిఖరాలు కొన్ని, కాలు కూడా తడవని నీళ్ళు కొన్ని అని ఆ శీర్షికే చెబుతున్నది. ప్రభుత్వోద్యోగుల సమాన వేతన వివాదాలను చదవబోయే పాఠకుడికి అంతకన్న మంచి కొలబద్ద దొరకదు.

శిఖరాలలో ఒకటి ఆయన చేతి రాతే. 1982 ఫిబ్రవరి 22న వెలువడిన రణధీర్ సింగ్ తీర్పు ఢిల్లీ పోలీసు శాఖలోని ఒక డ్రైవర్ కానిస్టేబుల్‌ది. అతడు నడిపే బండి, తిరిగే వీధులు, మోసే బాధ్యత రైల్వే రక్షణ దళంలోని డ్రైవర్ల కన్న తేలికైనవి కావు. జీతం మాత్రం తక్కువ. శాఖలు వేరు కనుక జీతాలు వేరు అని ప్రభుత్వం వాదించింది. అంతకు ఇరవయ్యేళ్ళ ముందు, 1962లో, అదే న్యాయస్థానం సమాన పనికి సమాన వేతనమన్నది గాలిలో తేలే సిద్ధాంతమనీ, పద్నాలుగో అధికరణానికి దానితో పని లేదనీ కొట్టివేసి ఉన్నది. చిన్నప్పరెడ్డి ఆ మాటను తిరగరాశారు. రాజ్యాంగపు పీఠికలోని సామ్యవాదమన్న మాటకు అర్థమంటూ ఉంటే అది పనివాడి చేతికి అందే జీతంలో కనబడాలన్నారు. పద్నాలుగు, పదహారు అధికరణాలను ముప్పై తొమ్మిదో అధికరణంలోని (డి) ఖండంతో కలిపి చదివి, ఆ డ్రైవర్‌కు 260 నుంచి 400 రూపాయల స్కేలు, అదీ 1973 జనవరి 1 నుంచి, ఇవ్వమన్నారు. రాజ్యాంగంలోని ఆదేశిక సూత్రం ఒక డ్రైవర్ జీతపు చిట్టాలోకి దిగిన రోజు అది.

అయితే ఆ శిఖరం మీద నిలబడినవాడు పురుషుడు. అతడి పక్కన పోల్చుకోవడానికి మరొక పురుషుడు, అదే పని చేస్తూ, ఎక్కువ జీతంతో సిద్ధంగా ఉన్నాడు. పోల్చుకోవడానికి ఎవరూ లేని పని చేసే ఆడవాళ్ళ సంగతి ఏమిటి? చిన్నప్పరెడ్డి వేసిన దారి అక్కడే ఇసుకలో కలిసిపోతుంది. 1989లో ఆంధ్రప్రదేశ్ పబ్లిక్ వర్క్స్ శాఖ సూపర్‌వైజర్లు పట్టభద్రులతో సమానమైన స్కేలు అడిగినప్పుడు సుప్రీంకోర్టు చదువులో తేడాను చూపి వారిని వెనక్కి పంపింది. పని ఒకటైనా అర్హత వేరైతే జీతం వేరు కావచ్చునన్న ఆ దారిలో ప్రభుత్వాలు నిశ్చింతగా నడిచాయి. పని ఎంత పోలి ఉన్నా ఏదో ఒక కాగితం తేడా చూపగలిగితే చాలు.

సమాన పనికి సమాన వేతనం అన్న నినాదం తెలుగునాట గోడల మీద రెండు తరాలుగా ఉన్నది. అందులో ఒక లోపం ఉన్నదని గోడ చూసినవారు గమనించలేదు. 1951లో అంతర్జాతీయ కార్మిక సంస్థ ఆమోదించిన నూరవ ఒడంబడిక అడిగింది సమాన ‘పని’కి కాదు, సమాన ‘విలువ’ గల పనికి. భారతదేశం దానికి 1958లో సంతకం పెట్టింది. కానీ 1976 నాటి సమాన వేతన చట్టంలోకి వచ్చేసరికి విలువ జారిపోయి, ఒకే రకమైన పని లేదా అటువంటి పని మాత్రమే మిగిలింది. ఈ రెంటికీ మధ్య ఉన్న దూరం ఎంతో తెలుసుకోవాలంటే క్యాలెండరు తిరగేస్తే చాలు. అంతర్జాతీయ మహిళా సంవత్సరమని 1975 సెప్టెంబర్ 26న భారత ప్రభుత్వం సమాన వేతన ఆర్డినెన్స్ తెచ్చింది. ఆరు రోజులు తిరగకుండా, అక్టోబర్ 2న, సమగ్ర శిశు అభివృద్ధి పథకాన్ని ప్రారంభించి, లక్షలాది ఆడవాళ్ళు వేతనం లేకుండా పనిచేసే వ్యవస్థకు పునాది వేసింది. వాళ్ళకు ఇచ్చేది జీతం కాదన్నది. దానికొక అందమైన పేరు పెట్టింది. గౌరవ వేతనం.

తెలుగు భాషలో ఇంత మర్యాదగా అబద్ధమాడే సమాసం మరొకటి దొరకడం కష్టం. గౌరవం అన్న మాట ముందు నిలబడి వేతనం అన్న మాట నోరు నొక్కుతుంది. పిల్లలను తూచడం, గర్భిణులకు పోషకాహారం అందించడం, టీకాల జాబితాలు రాయడం, ఇల్లిల్లూ తిరిగి లెక్కలు తీయడం, వచ్చిన ప్రతి కొత్త పథకానికీ ఫోనులో వివరాలు ఎక్కించడం సేవ అయింది. సేవ చేసేవారికి జీతమడిగే హక్కు ఉండదు కదా! బయట పల్లకీ మోత, ఇంట్లో ఈగల మోత అన్న సామెతను ప్రభుత్వోత్తర్వుగా రాస్తే అది గౌరవ వేతనమవుతుంది.

న్యాయస్థానాలు ఈ మాయమాటను చాలాకాలం నమ్మాయి. 2006లో అమీర్‌బీ కేసులో సుప్రీంకోర్టు అంగన్వాడీ కార్యకర్తలు సివిల్ పోస్టులలో ఉన్నవారు కారని తేల్చింది. పదహారేళ్ళ తరువాత, 2022 ఏప్రిల్ 25న, గుజరాత్‌కు చెందిన మణిబెన్ మగన్‌భాయి భరియా కేసులో అదే న్యాయస్థానం వేరే కళ్ళజోడు పెట్టుకుని చూసింది. 2013 నాటి ఆహార భద్రతా చట్టం వచ్చాక అంగన్వాడీలు చట్టం ప్రకారం విధులు నిర్వర్తించే వ్యవస్థ అయ్యాయని, వారిది ఏదో తీరుబడి వేళ చేసే పని అనడం తగదని, గౌరవ వేతనమన్న పేరు ఏదైనా గ్రాట్యుటీ చట్టం దృష్టిలో అది వేతనమేనని ఒప్పుకున్నది. ఒక సమాసంలోంచి ముందు పదాన్ని తొలగించడానికి దేశపు అత్యున్నత న్యాయస్థానానికి నలభై ఏడేళ్ళు పట్టింది. అది కూడా గ్రాట్యుటీ వరకే.

ఆ తీర్పు వచ్చిన మరుసటి ఏడాది డిసెంబర్ 12న ఆంధ్రప్రదేశ్ అంగన్వాడీలు సమ్మెకు దిగారు. కార్యకర్తకు నెలకు 11,500 రూపాయలు, సహాయకురాలికి 7,000. వారు అడిగింది కనీస వేతనం, గ్రాట్యుటీ. 2024 జనవరి 6న రాష్ట్ర ప్రభుత్వం వారి మీద అత్యవసర సేవల నిర్వహణ చట్టాన్ని, అంటే ఎస్మాను, ప్రయోగించింది. సమ్మె 42 రోజులు నడిచింది. సమ్మె సంగతి అలా ఉంచి, ఆ ఉత్తర్వులోని తర్కాన్ని ఒక్కసారి చదవాలి. జీతమడిగినప్పుడు ఆ పని స్వచ్ఛంద సేవ. పని మానుతామన్నప్పుడు అదే పని అత్యవసర సేవ. ఒకే మనిషి, ఒకే పలక, ఒకే పిల్లల బరువు చూసే త్రాసు. ఉదయం ఉద్యోగి కాదు, మధ్యాహ్నం ఉద్యోగి కన్న ఎక్కువ. ఇటువంటి పాత్రచిత్రణను ఏ రచయితైనా నవలలో చేస్తే అస్వాభావికమని విమర్శకులు తిరగగొడతారు. ప్రభుత్వం చేస్తే జీవో అవుతుంది.

ఇదంతా వెనుకబడిన దేశపు వ్యవహారమనీ, సముద్రం దాటితే శ్రమకు తగిన విలువ దొరుకుతుందనీ అనుకునే తెలుగువారు ప్రవాసంలో తక్కువేమీ కాదు. కెనడాలోని విండ్సర్ పట్టణం ఆ భ్రమను సరిదిద్దడానికి తగిన చోటు. డెట్రాయిట్ నదికి ఇవతల ఒడ్డున ఉన్న ఈ ఊరు కార్మిక న్యాయశాస్త్రంలో చిన్నపేరు కాదు. 1945లో ఇక్కడి ఫోర్డ్ కార్మికులు 99 రోజులు సమ్మె చేశారు. ఆ తగవు తీర్చడానికి వచ్చిన న్యాయమూర్తి ఐవన్ రాండ్ 1946 జనవరిలో ఇచ్చిన తీర్పు, సంఘం వలన లాభపడే ప్రతివాడూ సభ్యుడైనా కాకున్నా సంఘానికి చందా కట్టాలన్న సూత్రం, కెనడా అంతటికీ రాండ్ సూత్రంగా నిలిచింది. కార్ల ఫ్యాక్టరీలోని మగవాడి జీతానికి విలువ కట్టడం ఈ ఊరు అప్పుడే నేర్చుకున్నది. ఆసుపత్రిలోని ఆడదాని జీతానికి విలువ కట్టడం ఇంకా నేర్చుకుంటూనే ఉన్నది.

2019 నవంబర్‌లో ఒంటారియో శాసనసభ బిల్ 124ను చట్టం చేసింది. రాష్ట్ర ప్రభుత్వరంగపు ఉద్యోగుల వేతనాల పెంపు మూడేళ్ళపాటు ఏడాదికి ఒక శాతం దాటరాదన్నది దాని సారాంశం. నర్సులు, ఉపాధ్యాయులు దాని కిందికి వచ్చారు. పురపాలక సంస్థలను మినహాయించారు కనుక పోలీసులు, అగ్నిమాపక సిబ్బంది రాలేదు. ఆ జాబితా ఏ ఉద్దేశంతో రాసినా, ఒక వైపు ఎవరు ఎక్కువగా ఉన్నారో, ఇంకొక వైపు ఎవరు ఎక్కువగా ఉన్నారో చూడడానికి శాస్త్ర పరిజ్ఞానం అక్కరలేదు. ఒంటారియో ఆసుపత్రి సిబ్బందికి సమ్మె చేసే హక్కు 1965 నుంచీ లేదు. దానికి బదులుగా మధ్యవర్తి తీర్పు ఉన్నది. బిల్ 124 ఆ మధ్యవర్తి చేతిని కూడా కట్టివేసింది. గోరుచుట్టు మీద రోకటి పోటు.

కొద్ది నెలలకే కరోనా వచ్చింది. భారతదేశంలో 2020 మార్చి 22 సాయంత్రం ఐదు గంటలకు పళ్ళాలు మోగాయి. కెనడా వీధులలోనూ సాయంత్రాలు చప్పట్లు మోగాయి. వీరులన్నారు, దేవతలన్నారు. విండ్సర్‌లో ఇల్లు ఉండి నది అవతల డెట్రాయిట్ ఆసుపత్రులలో పనిచేసే నర్సులు వందలలో ఉన్నారు. వారధి మీదనో సొరంగంలోనో పావుగంట ప్రయాణం చేస్తే అదే పనికి అమెరికా డాలర్లలో జీతం. ఇవతల ఉన్నవారికి ఒక శాతం, చప్పట్లు. ఇవతలి ఒడ్డున నర్సులు చాలడం లేదని వాపోయిన ప్రభుత్వమే, వారు ఇవతల ఉండడానికి కారణాన్ని చట్టం పెట్టి తగ్గించింది. ఏరు దాటాక తెప్ప తగలేసినవారి గురించి తెలుగువారు విన్నారు. ఏరు దాటకముందే, తెప్ప మీద కూర్చునే దానికి నిప్పు పెట్టినవారిని ఇక్కడ చూశారు.

2022 నవంబర్ 29న ఉన్నత న్యాయస్థానంలో న్యాయమూర్తి మార్కస్ కోనెన్ ఆ చట్టం చెల్లదన్నారు. 2024 ఫిబ్రవరి 12న ఒంటారియో అప్పీలు న్యాయస్థానం ఇద్దరు ఒక వైపు, ఒకరు ఒక వైపుగా, సంఘాల ప్రాతినిధ్యం ఉన్న ఉద్యోగుల విషయంలో ఆ తీర్పును నిలబెట్టింది. ప్రభుత్వం చట్టాన్ని రద్దు చేసుకున్నది. ఇది విజయమే. కానీ ఈ విజయాన్ని అక్షరం అక్షరం చదివినవారికి ఒక వెలితి తగులుతుంది. సంఘాలు మూడు హక్కులు భంగమయ్యాయన్నాయి. కోనెన్ సంఘ స్వేచ్ఛ భంగమైందని ఒప్పుకున్నారు. వాక్ స్వాతంత్ర్యం, సమానత్వ హక్కు భంగమయ్యాయన్న వాదనలను తోసిపుచ్చారు. అంటే నర్సు బేరమాడే హక్కు కోల్పోయిన ఉద్యోగిగా గెలిచింది, తక్కువ విలువ కట్టించుకున్న స్త్రీగా ఓడింది. డబ్బు వచ్చింది, గుర్తింపు రాలేదు. అంగన్వాడీకి గుర్తింపు పల్లకీలో వచ్చింది, డబ్బు రాలేదు. రెండు దేశాల న్యాయస్థానాలు రెండు చేతులుగా ఒకే మనిషికి చెరొక సగం ఇచ్చాయి.

ఒంటారియో చట్టానికి సమాన విలువ తెలియదని అనడానికి వీలులేదు. 1987లో చేసి 1988 జనవరి 1 నుంచి అమలుచేసిన వేతన సమత చట్టం నైపుణ్యం, శ్రమ, బాధ్యత, పని పరిస్థితులు అన్న నాలుగు కొలతలు పెట్టి, ఆడవాళ్ళు ఎక్కువగా చేసే ఉద్యోగాన్ని మగవాళ్ళు ఎక్కువగా చేసే వేరే ఉద్యోగంతో పోల్చమన్నది. పని ఒకటి కానక్కరలేదు. మగవాళ్ళే లేని వృద్ధాశ్రమాలు, శిశు సంరక్షణ కేంద్రాల సంగతి ఏమిటన్న ప్రశ్న వచ్చినప్పుడు, 1993లో బయటి సంస్థ నుంచి పోలిక తెచ్చుకునే పద్ధతిని చేర్చారు. తరువాత వచ్చిన ప్రభుత్వం 1996లో దానిని తీసివేసింది. 1997లో న్యాయస్థానం ఆ తీసివేత చెల్లదన్నది. వృద్ధాశ్రమాల నర్సుల కేసులో ఆ పోలిక ఒకసారి చూసి వదిలేసేది కాదని, జీతాలు మారినకొద్దీ చూస్తూ ఉండాలని 2021లో అప్పీలు న్యాయస్థానం తేల్చింది. భారతదేశంలో అంగన్వాడీకి లేనిది ఇదే. ఆమె పని చేసే మగవాడు లేడు కనుక ఆమెకు కొలబద్ద లేదు. కొలబద్ద లేదు కనుక ఆమెకు అన్యాయం జరిగినట్లు రుజువు లేదు. పాడుబడ్డ బావిలో నీళ్ళెందుకు లేవంటే చేద లేదు కనుక అన్నట్లుంటుంది ఈ వాదన.

డబ్బు లేదు అన్నది ప్రభుత్వాల చివరి వాదన. దానిని తేలికగా తీసిపారేయకూడదు. న్యూఫౌండ్‌లాండ్ ప్రభుత్వం 1988లో ఆసుపత్రులలోని ఆడ ఉద్యోగులకు తక్కువ జీతమిచ్చామని ఒప్పుకుని సర్దుబాటుకు ఒప్పందం రాసుకున్నది. 1991లో చట్టం చేసి, ఆ సర్దుబాటును మూడేళ్ళు వెనక్కి నెట్టి, సుమారు 2.4 కోట్ల డాలర్ల బాకీని చెరిపేసింది. 2004లో కెనడా సుప్రీంకోర్టు అది స్త్రీల పట్ల వివక్షేనని ఒప్పుకుంటూనే, రాష్ట్రపు ఆర్థిక సంక్షోభం దృష్ట్యా అది సమర్థనీయమన్నది. ఆ సంక్షోభం కల్పన కాదు. ఆసుపత్రి పడకలు మూతపడ్డాయి, వందలాదిమందికి ఉద్యోగాలు పోయాయి. ఖజానా నిజంగా ఖాళీ అయినప్పుడు ఎవరో ఒకరు నష్టపోక తప్పదన్న మాటలో బలం ఉన్నది.

కానీ ఆ బాకీ ఎటువంటిదో గమనించాలి. అది పెంపు కాదు, బహుమానం కాదు. ఏళ్ళ తరబడి తక్కువగా ఇచ్చి మిగుల్చుకున్న సొమ్ములో కొంత భాగం. అంటే ఆ ఆడవాళ్ళు అంతవరకూ ప్రభుత్వానికి వడ్డీ లేని అప్పు ఇస్తూ వచ్చారు. దివాలా తీసినప్పుడు బ్యాంకుల అప్పు తీర్చి, వారి అప్పు మాత్రమే ఎగవేయడానికి కారణం వారు అప్పు ఇచ్చినట్లు ఏ పద్దులోనూ రాయకపోవడమే. ఒంటారియోలో ఆ సంక్షోభపు సాకు కూడా లేదు. జీతాలకు డబ్బు లేదన్న ప్రభుత్వమే పన్నులు తగ్గించడానికి, కార్ల నంబరు పలకల రుసుము తిరిగి ఇవ్వడానికి డబ్బు చూసుకున్నదని కోనెన్ తీర్పు ఎత్తిచూపింది. డబ్బు లేకపోవడం వేరు, ఒకరికి మాత్రం లేకపోవడం వేరు.

గెలిచినవారి కథ కూడా సుఖాంతమేమీ కాదు. కెనడా తపాలా సంస్థలోని గుమాస్తాలు, అందులో ఎక్కువమంది ఆడవాళ్ళు, ఉత్తరాలు మోసేవారితో, విడదీసేవారితో పోల్చి తమకు తక్కువ ఇస్తున్నారని 1983లో ఫిర్యాదు చేశారు. మానవ హక్కుల ట్రిబ్యునల్ తీర్పు వచ్చింది 2005లో. పై న్యాయస్థానాలు దానిని కొట్టివేశాయి. 2011 నవంబర్ 17న సుప్రీంకోర్టు వాదనలు విన్న రోజే, బల్ల మీదనుంచి లేవకుండానే, ట్రిబ్యునల్ తీర్పును నిలబెట్టింది. అంత తేలికగా తేలిన మాటకు ఇరవై ఎనిమిదేళ్ళు. ఫిర్యాదు నాటికి ఉద్యోగంలో చేరిన పిల్ల తీర్పు నాటికి పింఛను కాగితాలు చూసుకుంటూ ఉంటుంది. అప్పటికి పోయినవారికి సొమ్ము వారసుల చేతికి అందుతుంది. దేవుడు వరమిచ్చినా పూజారి వరమియ్యడంటారు. ఇక్కడ పూజారి ఇరవై ఎనిమిదేళ్ళపాటు గుడి తలుపు తీయలేదు.

ఇవన్నీ సాహిత్యానికి ఏ విధంగా సంబంధించినవని అడిగేవారు ఉంటారు. వారికి ఒకటే సమాధానం. వివాదమంతా మాటల మీదనే నడిచింది. ‘పని’ అనాలా, ‘విలువ’ అనాలా? ‘వేతనం’ అనాలా, ‘గౌరవ వేతనం’ అనాలా? ‘సేవ’ అనాలా, ‘ఉద్యోగం’ అనాలా? ఒక్కొక్క మాట మారినప్పుడల్లా లక్షలమంది పొయ్యి మీద ఎసరు మారింది. మాటలను పట్టించుకునేవారమని చెప్పుకునే పాఠకులు ఈ మాటలను పట్టించుకోకపోతే ఇంకే మాటలను పట్టించుకున్నట్లు? రంగనాయకమ్మ ఇంటి పని, బయటి పని గురించి రాసినప్పుడు తెలుగు పాఠకలోకం వాదించుకున్నది, తిట్టుకున్నది, కొంత మారింది కూడా. ఆ తరువాత స్త్రీవాద కవిత్వం వంటింటిని, శరీరాన్ని, పెళ్ళిని సాహిత్యవస్తువులుగా చేసింది. జీతపు చిట్టా ఇంకా బయటనే నిలబడి ఉన్నది. అంగన్వాడీ కార్యకర్త మీద జాలి పుట్టించే కథలు ఉన్నాయి. ఆమెకు చెల్లించవలసిన బాకీ ఎంతో లెక్క వేసిన కథ కోసం వెతుక్కోవలసి వస్తుంది. జాలి కూడా ఒక రకమైన గౌరవ వేతనమే.

ప్రవాసులకు మరొక బాధ్యత ఉన్నది. విండ్సర్‌లో నర్సుల తరఫున ప్లకార్డు పట్టుకునే తెలుగు కుటుంబమే ఊరికి ఫోను చేసినప్పుడు అంగన్వాడీల సమ్మె వలన పిల్లలకు ఇబ్బంది కలిగిందని విసుక్కుంటుంది. అక్కడ హక్కు, ఇక్కడ సేవ. నది దాటితే జీతం మారినట్లు, సముద్రం దాటితే న్యాయం మారుతుందా? సమాన విలువ అన్న మాట కెనడాలో చట్టం చేసినంత మాత్రాన కెనడా సొత్తు కాదు. ఆ నూరవ ఒడంబడికకు కెనడా సంతకం పెట్టింది 1972లో. భారతదేశం పెట్టింది అంతకు పద్నాలుగేళ్ళు ముందు.

చిన్నప్పరెడ్డి తీర్పు వెలువడి నాలుగు దశాబ్దాలు దాటాయి. 2016 అక్టోబర్ 26న జగ్జీత్ సింగ్ కేసులో అదే సుప్రీంకోర్టు, తాత్కాలిక ఉద్యోగికైనా అదే పనికి తక్కువ ఇవ్వడం దోపిడీ అనీ, మనిషిని బానిసను చేయడమనీ చెప్పి, శాశ్వత ఉద్యోగి స్కేలులోని కనీస మొత్తం ఇవ్వమన్నది. దారి మళ్ళీ కనబడింది. దాని మీద అంగన్వాడీని నడవనివ్వకుండా అడ్డుపడుతున్నది చట్టం కన్న ముందు ఒక మాట. ఆ మాటను వాడడం మానడానికి శాసనసభ అక్కరలేదు, ధర్మాసనం అక్కరలేదు. పత్రికలు, రచయితలు, పాఠకులు చాలు. అంగన్వాడీకి నెల నెలా అందేది గౌరవ వేతనం కాదు. తక్కువ వేతనం. దానిని ఆ పేరుతోనే పిలవడం మొదలుపెడితే, మిగిలిన తగవు ఎంత ఇవ్వాలన్నది మాత్రమే అవుతుంది.